పాత నింటెండో బేస్‌బాల్‌లో ఫీల్డర్లు మన మాట ఎందుకు వినరు, దాని బదులు ఏది ఆడాలి

మీ ప్రశ్న మొత్తం చదివాను. అబ్బాయి పిల్లలు బేస్‌బాల్ ఆడే లిటిల్ లీగ్‌లో చేరాడు, ఆట మీకూ అర్థమవ్వాలని నింటెండో స్విచ్ మెషీన్‌లో ఉన్న పాత నింటెండో గేముల్లోంచి 'బేస్‌బాల్' తీసి ఇద్దరూ ఆడుతున్నారు, బంతి పక్కనుంచి దొర్లుకుంటూ పోతున్నా, మీరు ఎన్ని బటన్లు నొక్కినా ఫీల్డర్ తన దారిన తను నడుస్తున్నాడు, కంట్రోలర్ పోయిందేమోనని ఇంకోటి పెట్టి కూడా చూశారు. కంట్రోలర్‌కి ఏమీ కాలేదండి. ఆ గేములో ఫీల్డర్ల పరుగు మన చేతిలో ఉండదు. బంతి దగ్గరకు వెళ్లడం, పట్టుకోవడం మెషీన్ చూసుకుంటుంది. పట్టుకున్నాక ఏ బేస్‌కు, అంటే రన్నర్లు పరుగెత్తి చేరే నాలుగు చోట్లలో దేనికి, విసరాలన్నది ఒక్కటే మనం చెప్పాలి. 1983 డిసెంబర్‌లో జపాన్‌లో ఫామికాం అనే నింటెండో మెషీన్ మీద వచ్చినప్పుడూ ఇంతే, 2018లో స్విచ్ ఆన్‌లైన్ అనే చందా సేవలోకి వచ్చినప్పుడూ ఇంతే, ఫీల్డింగ్ పద్ధతి ఏమీ మారలేదు.

రెండో ప్రశ్న, దీని బదులు ఏది ఆడాలి అన్నదానికి నా జవాబు 1988లో అమెరికాలో వచ్చిన 'ఆర్.బి.ఐ. బేస్‌బాల్'. ఇద్దరు పక్కపక్కన కూర్చుని ఆడుకోవడానికి ఎన్ఈఎస్ (ఫామికాంకి అమెరికా రూపం) మీద ఇంతకంటే మంచి బేస్‌బాల్ లేదని గట్టిగా నమ్ముతాను. కానీ దాని మీదికి వెళ్లేముందు, మీరు ఆడుతున్న దాన్ని అప్పుడే పక్కన పెట్టేయొద్దు, అందులో మీకు పనికొచ్చేది ఒకటుంది, అది కూడా చెబుతాను.

ముందు అసలు చిక్కు ఏమిటో చూడండి. బేస్‌బాల్‌ని తెర మీదికి తేవాలంటే నిజానికి రెండు ఆటలు చూపించాలి. మొదటిది బంతి వేసే పిచర్‌కీ దాన్ని కొట్టే బ్యాటర్‌కీ మధ్య జరిగేది. ఇది దగ్గర నుంచి కనపడాలి, బంతి ఎటు వంగుతోందో తెలియాలి. రెండోది బంతి బ్యాట్‌కి తగిలిన మరుక్షణం మొదలయ్యేది. అప్పుడు మైదానం మొత్తం కావాలి, తొమ్మిది మంది ఫీల్డర్లు, బేస్‌లన్నీ నిండి ఉంటే బ్యాటర్‌తో కలిపి నలుగురు రన్నర్లు, అంటే 13 మంది ఒకేసారి కదులుతుంటారు. క్రికెట్‌లో పరుగెత్తేది ఇద్దరే, అదీ ఒకే దారిలో అటూ ఇటూ. ఇక్కడ నలుగురు నాలుగు చోట్ల నుంచి బయలుదేరతారు, బంతి పట్టినవాడు వాళ్లలో ఎవరిని ఔట్ చెయ్యాలో అరక్షణంలో తేల్చుకోవాలి. పైగా బంతి నేల మీద పోతోందా గాల్లో ఉందా అన్నది కూడా పై నుంచి చూసే బొమ్మలో తెలియాలి.

ఇప్పుడు ఆ కాలపు మెషీన్లు చూడండి. 1977లో వచ్చిన అటారీ 2600లో మెమరీ 128 బైట్లు. కిలోబైట్లు కాదు, బైట్లే. అది తెర మీద కదిలించగలిగే బొమ్మలు ఐదు, వాటిలో రెండే ఆటగాళ్ల ఆకారంలో గీయడానికి పనికొచ్చేవి, మిగిలిన మూడూ గీతలూ చుక్కలూ. అలాంటి దాని మీద 1978లో బాబ్ వైట్‌హెడ్ 'హోమ్ రన్' అనే బేస్‌బాల్ గేమ్ రాశాడు, మొత్తం ప్రోగ్రామ్ 2 కిలోబైట్లు. ఆ మెషీన్‌లో ఒక సదుపాయం ఉంది, ఒక ఆటగాడి బొమ్మని పక్కపక్కనే మూడుసార్లు వరకు గీయమని చెప్పొచ్చు. అందుకే అందులో ముగ్గురు ఫీల్డర్లు ఒకే అడుగు వేస్తూ ఒకే దిక్కుకి కదులుతుంటారు, ఎందుకంటే మెషీన్ లెక్కలో వాళ్లు ముగ్గురు కాదు, ఒక్కడే. గాల్లో బంతి పట్టుకుని ఔట్ చెయ్యడం అన్నదే అందులో లేదు. ఇవాళ చూస్తే బేస్‌బాల్‌లా అనిపించదు, కానీ ఉన్న సరుకుతో అంతవరకు లాగడం చిన్న విషయం కాదు.

1980లో మ్యాటెల్ కంపెనీ ఇంటెలివిజన్ మీద తెచ్చిన 'మేజర్ లీగ్ బేస్‌బాల్' వేరే దారి పట్టింది. తొమ్మిది మంది ఫీల్డర్లనీ తెర మీద నిలబెట్టింది, కంట్రోలర్ మీద ఫోన్‌లా ఉండే అంకెల మీటల మీద ఒక ప్లాస్టిక్ రేకు పెట్టి, ఒక్కో మీటని ఒక్కో ఫీల్డర్‌కి ఇచ్చింది. ఎవరు కావాలో ఆ మీట నొక్కాలి, తర్వాత అతన్ని నడపాలి. ఆలోచన బాగుంది, ఆడటం మాత్రం చేతికి పని. ఎప్పుడూ ఇద్దరు మనుషులే ఆడాలి, మెషీన్ ఎదురు ఆడదు. దాన్ని రాసిన డేవిడ్ రోల్ఫ్ ఆ మెషీన్ లోపలి ప్రాథమిక ప్రోగ్రామ్ కూడా రాసినవాడే. ఇంటెలివిజన్ అంటే అమెరికాలో ఆ వయసు వాళ్లకి ముందు గుర్తొచ్చేది ఈ గేమే.

ఇక మీ గేము. ఫామికాం అటారీ కంటే చాలా బలమైన మెషీన్, అయినా దానికీ హద్దులున్నాయి. తెర మీద ఒక అడ్డు గీత పొడవునా 8 స్ప్రైట్లకు (కదిలే చిన్న బొమ్మ ముక్కలు) మించి గీయలేదు, ఒక్కో స్ప్రైట్ వెడల్పు 8 చుక్కలు. ఒక ఆటగాడికి రెండు స్ప్రైట్ల వెడల్పు కావాలంటే ఒకే వరసలో నలుగురు పడతారు, ఐదో వాడు వస్తే ఎవరో ఒకరు మాయమవుతారు, లేదా బొమ్మలు మిణుకుమిణుకుమంటాయి. ఫస్ట్ బేస్ నుంచి థర్డ్ బేస్ దాకా ఒక గీత గీసి చూడండి, ఇద్దరు ఫీల్డర్లు, వాళ్ల పక్కన ఇద్దరు రన్నర్లు, మధ్యలో పిచర్, అప్పుడే ఐదుగురయ్యారు. గేమ్ మొత్తం ప్రోగ్రామ్‌కి 16, బొమ్మలకి 8, కలిపి 24 కిలోబైట్లు. ఇందులోనే పిచింగ్, బ్యాటింగ్, రన్నర్లు, కంప్యూటర్ ఆడే తెలివి, అన్నీ పట్టాలి.

నింటెండో అప్పుడు ఏం చేసిందంటే పిచర్ బ్యాటర్ల పోటీని మనకిచ్చి, మైదానం పరుగు తన దగ్గర పెట్టుకుంది. అలా పంచడం తప్పని నేననను. ఆటోమేటిక్ ఫీల్డింగ్ పెట్టినందుకు ఈ గేముని చాలామంది తిడతారు, నా లెక్కలో అసలు లోపం అది కాదు, ఆ ఫీల్డర్లు నెమ్మదిగా కదలడం. వాళ్లే కాస్త చురుగ్గా పరుగెత్తి ఉంటే మీకు ఈ అనుమానమే వచ్చేది కాదు. జట్ల విషయంలోనూ కోత పడింది, ఆరు జట్లూ అక్షరాలే, రంగులే, ఆటలో తేడా లేదు. జపాన్‌లో ఆ అక్షరాలు అక్కడి సెంట్రల్ లీగ్ జట్లవి, 1985 అక్టోబర్‌లో న్యూయార్క్‌లో ఎన్ఈఎస్ మొదటిసారి అమ్మకానికి పెట్టినప్పుడు వాటిని అమెరికా జట్లకు సరిపోయేలా మార్చారు. మీరు చూసిన 'వై' యాంకీస్, 'డి' డాడ్జర్స్ అనుకోవచ్చు, పేరు మాత్రం ఎక్కడా రాయలేదు, లైసెన్సు లేదు కాబట్టి.

మీకు పనికొచ్చేది ఒకటుందన్నాను కదా, అది విసరడం. కంట్రోలర్ మీద ప్లస్ గుర్తు ఆకారంలో ఉన్న దిక్కుల బటన్ ఉంది చూడండి, గున్‌పెయ్ యొకొయ్ 1982లో 'డాంకీ కాంగ్' చేతి గేము కోసం తెచ్చింది, అది బేస్‌బాల్ మైదానానికి అచ్చుగుద్దినట్టు సరిపోయింది. కుడివైపు ఫస్ట్ బేస్, పైన సెకండ్, ఎడమవైపు థర్డ్, కింద హోమ్, అంటే బ్యాటర్ నిలబడే చోటు. బంతి చేతిలోకి రాగానే దిక్కు నొక్కి 'ఎ' బటన్ నొక్కితే అటు విసురుతాడు. ఫీల్డర్‌ని నడిపే పని లేదు కాబట్టి మీ బుర్ర మొత్తం ఒకే ప్రశ్న మీద ఉంటుంది, ఇప్పుడు ఎటు విసరాలి? కొత్తగా నేర్చుకునేవాళ్లకి బేస్‌బాల్‌లో అర్థంకానిది సరిగ్గా ఇదే. రన్నర్ వెనక ఇంకో రన్నర్ తరుముకొస్తుంటే, ముందున్నవాడు బేస్ వదలక తప్పదు, అలాంటప్పుడు వాడిని తాకక్కర్లేదు, వాడు చేరాల్సిన బేస్‌కి బంతి ముందు చేరితే చాలు, ఔట్. బంతి కొట్టి ఫస్ట్ బేస్‌కి పరుగెత్తే బ్యాటర్‌కీ ఇదే లెక్క. మిగతా రన్నర్ల వెనక ఎవరూ లేకపోతే మాత్రం బంతితో వాళ్లని తాకాలి. ఈ ఒక్క తేడా ఒంటికి పట్టేదాకా నింటెండో గేమునే ఆడండి. ఫస్ట్ బేస్ మీద రన్నర్ ఉండగా నేల మీద బంతి వస్తే, ముందు పైకి, తర్వాత కుడికి. ఒకే బంతికి ఇద్దరు ఔట్. అది చెయ్యగలిగిన రోజు అబ్బాయి మ్యాచ్‌లో షార్ట్‌స్టాప్ (సెకండ్, థర్డ్ బేస్‌ల మధ్య నిలబడే ఫీల్డర్) ఎందుకు అటు విసిరాడో మీకు ఎవరూ చెప్పక్కర్లేదు.

పిచింగ్ కూడా వదలకండి. బంతి వదిలేటప్పుడు కింద దిక్కు పట్టుకుంటే వేగంగా, పైన పట్టుకుంటే నెమ్మదిగా పోతుంది, కుడి ఎడమలతో వంగుతుంది. అబ్బాయి అన్నీ వేగంగానే విసురుతున్నాడంటున్నారు కదా, మధ్యలో ఒక్క నెమ్మది బంతి వెయ్యండి, వాడి బ్యాట్ బంతి రాకముందే తిరిగిపోతుంది.

ఇక 'ఆర్.బి.ఐ. బేస్‌బాల్'. దీని పుట్టుక జపాన్‌లో, 1986 డిసెంబర్‌లో నామ్‌కో తెచ్చిన 'ప్రో యక్యూ ఫ్యామిలీ స్టేడియం'. అక్కడి వాళ్లు ముద్దుగా ఫామిస్టా అంటారు, యోషిహిరో కిషిమొటో చేతిలో రూపుదిద్దుకుంది. అందులో నామ్‌కో సొంత గేముల్లోని పాత్రలతో కూడా ఒక జట్టు ఉండేది, పినో అనేవాడు అందులో మెరుపులా పరుగెత్తేవాడు. అమెరికాకి వచ్చేసరికి అటారీ గేమ్స్ వాళ్ల టెంజెన్ పేరు మీద, అక్కడి ఆటగాళ్ల సంఘం లైసెన్సుతో, నిజమైన ఆటగాళ్ల పేర్లతో వచ్చింది. లీగ్ లైసెన్సు లేదు కాబట్టి జట్ల పేర్లు ఉండవు, ఊళ్ల పేర్లే. బోస్టన్, కాలిఫోర్నియా, న్యూయార్క్, హ్యూస్టన్ అన్నవి 1986లో తమ తమ డివిజన్లు (లీగ్‌లోని విభాగాలు) గెలిచిన నాలుగు జట్లు, మిన్నెసోటా, డెట్రాయిట్, సెయింట్ లూయిస్, శాన్ ఫ్రాన్సిస్కో 1987లో గెలిచినవి. వీటికి తోడు మేటి ఆటగాళ్లని ఏరి కూర్చిన రెండు ఆల్ స్టార్ జట్లు. ఎవరినో కలిపి చేసిన జాబితా కాదు, ఆ రెండేళ్ల బేస్‌బాల్ మొత్తం ఆ క్యాసెట్‌లో ఉంది.

దీంట్లో ఫీల్డర్లు మీ మాట వింటారు. అయితే ఒక్కొక్కరిని ఎంచుకోనక్కర్లేదు, మీరు దిక్కు నొక్కితే అందరూ కలిసి అటు కదులుతారు, బంతికి దగ్గరలో ఉన్నవాడి మీద కన్నేసి నడిపించడమే. అటారీలో ముగ్గురు కలిసి కదిలింది మెషీన్‌కి వేరే దారి లేక. ఇక్కడ కావాలనే అలా పెట్టారు, ఆ నిర్ణయం నాకు భలే నచ్చుతుంది, ఎందుకంటే ఇంటెలివిజన్‌లోలా మీట వెతుక్కునే బాధ లేదు, మీ నింటెండో గేములోలా చేతులు కట్టుకుని చూసే బాధా లేదు. బంతి గాల్లో ఉంటే నేల మీద దాని నీడ కనపడుతుంది. నీడ మీద కన్ను పెట్టండి, బంతి మీద కాదు. మొదట్లో అందరూ బంతినే చూసి ముందుకో వెనక్కో వెళ్లిపోతారు.

ఆటగాళ్ల మధ్య తేడా ఉండటం దీని అసలు బలం. బొమ్మలన్నీ ఒకేలా పొట్టిగా, బొద్దుగా ఉంటాయి, లోపల మాత్రం ఒక్కొక్కరి బలం, వేగం వేరు. బ్యాటర్ రాగానే అతని బ్యాటింగ్ సగటు, హోమ్ రన్‌లు (బంతిని మైదానం దాటించిన సార్లు) తెర మీద పడతాయి. సెయింట్ లూయిస్‌లో విన్స్ కోల్‌మన్ ఉన్నాడు చూడండి, నిజ జీవితంలో 1987 సీజన్‌లో 109 బేస్‌లు స్టీల్ చేశాడు, అంటే బ్యాటర్ బంతి కొట్టకుండానే తర్వాతి బేస్‌కి పరుగెత్తి చేరాడు, గేములో కూడా వాడు ఫస్ట్ బేస్ చేరాడంటే సెకండ్ దాదాపు వాడిదే. ఎదుటివాడికి అదో పెద్ద టెన్షన్, బంతి వెయ్యాలా, వాడిని కాపలా కాయాలా? నేషనల్ ఆల్ స్టార్స్‌లో ఫెర్నాండో వాలెన్జువేలా వేసే బంతి వంకర ఎంతంటే, బయటకి పోతోందనుకున్నది లోపలికి వచ్చేస్తుంది. బంతి చేతిలోంచి వెళ్లాక కూడా కుడి ఎడమ నొక్కి దాన్ని వంచొచ్చు, బ్యాటర్ కూడా తన గీతల మధ్య ముందుకీ వెనక్కీ జరగొచ్చు, అంటే పిచర్ వేసిన బంతి గాల్లో ఉన్న ఆ కొంచెం సేపూ ఇద్దరూ ఆడుతూనే ఉంటారు. పిచర్లకు అలసట ఉంది. ఇన్నింగ్స్ గడిచేకొద్దీ వేగం పడిపోతుంది, వంకర తగ్గుతుంది, మార్చకుండా మొండికేస్తే వరసగా బాదించుకుంటారు. ప్రతి జట్టుకీ పిచర్లు కొందరే, అందుకని ఎప్పుడు మార్చాలన్నది నిజమైన నిర్ణయం.

రన్నర్ల విషయం ఒకసారి అలవాటు చేసుకోవాలి. బేస్ దిక్కుతో పాటు 'బి' నొక్కితే అక్కడికి పరుగు, 'ఎ' నొక్కితే వెనక్కి. బంతి గాల్లోకి లేచినప్పుడు ఆవేశంగా 'బి' నొక్కేయకండి. ఫీల్డర్ పట్టాడంటే మీ రన్నర్ బయలుదేరిన బేస్‌కి తిరిగి రావాలి, ఆలోపు బంతి అక్కడికి చేరితే వాడూ ఔటే. మీ అబ్బాయి కోచ్ రోజూ అరిచే మాట కూడా ఇదే అయి ఉంటుంది. ఇంకోటి, ఒక జట్టు 10 పరుగుల ఆధిక్యంలోకి వెళ్తే ఆట అక్కడితో ముగుస్తుంది, గేము ఆగిపోయిందని కంగారు పడొద్దు.

కంప్యూటర్‌తో ఆడితే ఈ గేము కొన్నాళ్లకి చప్పబడుతుంది, దాని అలవాట్లు తెలిసిపోతాయి. మీరు ఇద్దరున్నారు కాబట్టే దీన్ని చెబుతున్నాను. ఒంటరిగా ఆడేవాళ్లైతే 1989లో ఎస్ఎన్‌కే తెచ్చిన 'బేస్‌బాల్ స్టార్స్' అనేవాణ్ణి. క్యాసెట్‌లో బ్యాటరీ ఉంటుంది, మీ సొంత జట్టు కట్టుకుని, గెలిచిన డబ్బుతో ఆటగాళ్లని మెరుగుపరుచుకుంటూ సీజన్ నడపొచ్చు. పాతది కొంటే ఆ బ్యాటరీ ఇంకా పనిచేస్తోందా అని అమ్మేవాడిని తప్పకుండా అడగండి, లేకపోతే మీ జట్టు సేవ్ అవ్వదు. జలేకో వాళ్ల 'బేసెస్ లోడెడ్' కూడా చాలామంది చెబుతారు, పిచర్ వెనక నుంచి టీవీలో మ్యాచ్ చూసినట్టు ఉంటుంది, చూడటానికి అప్పట్లో గొప్పే. దాని జపాన్ మాతృకలో బంతిని ఊరికే అడ్డుకుంటే అది హోమ్ రన్ అయిపోయే తప్పు ఒకటి ఉండేది, అక్కడ ఇప్పటికీ చెప్పుకుంటారు. ఆడే సుఖంలో మాత్రం ఆర్.బి.ఐ. దరిదాపులకి రాదు.

మనవాళ్ల సంగతి కూడా ఒక ముక్క. 1990లలో మన ఊళ్లలో టీవీకి తగిలించుకునే వీడియో గేమ్ అని అమ్మినవి చాలావరకు ఫామికాం నకళ్లే. వందల గేములున్నాయని రాసి ఉండే ఆ పసుపు, నలుపు క్యాసెట్లలో చిన్న సైజు పాత నింటెండో గేములు ఎక్కువగా పెట్టేవాళ్లు, 24 కిలోబైట్ల ఈ బేస్‌బాల్ కూడా అలా కొన్ని ఇళ్లకు చేరింది. అర్థం చెప్పేవాళ్లు లేక మనలో చాలామంది దాన్ని దాటేసి 'కాంట్రా'కో 'మారియో'కో వెళ్లిపోయాం. మీకు ఎక్కడో చూసినట్టుందని రాశారు కదా, బహుశా అక్కడే చూసి ఉంటారు.

కొనే ముందు తెలియాల్సినవి. 'ఆర్.బి.ఐ. బేస్‌బాల్' రెండు రకాల క్యాసెట్లలో దొరుకుతుంది, నింటెండో అనుమతితో వచ్చిన బూడిద రంగుది, తర్వాత టెంజెన్ నింటెండోతో తెగతెంపులు చేసుకుని సొంతంగా అమ్మిన నల్లది. ఎన్ఈఎస్‌లో క్యాసెట్‌ని గుర్తుపట్టే తాళం చిప్ ఉంటుంది, దాన్ని తెరవడానికి అటారీ గేమ్స్ వాళ్లు ఆ చిప్ ప్రోగ్రామ్‌ని కేసు పేరు చెప్పి అమెరికా కాపీరైట్ ఆఫీసు నుంచి తెప్పించుకున్నారు, అది కోర్టుకెక్కి 1992లో అప్పీల్ కోర్టు కూడా నింటెండో పక్షానే నిలిచింది. ఆడేవాళ్లకి మాత్రం రెండింట్లోనూ అదే గేము, ఏది తక్కువకి వస్తే అది తీసుకోండి. రెండో భాగం, మూడో భాగం కూడా నల్ల క్యాసెట్లలోనే ఉంటాయి, పేరు పక్కన అంకె చూసుకోండి, నేను చెబుతున్నది అంకె లేని మొదటిది.

తెచ్చాక తెర బూడిద రంగులో వెలిగి ఆరిపోతుంటే క్యాసెట్ పోయిందనుకోవద్దు, నోటితో ఊదొద్దు కూడా, తేమకి ఆ రాగి పళ్లు ఇంకా పాడవుతాయి. దూదిపుల్లని ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో ముంచి అంచు పళ్లని రెండు వైపులా తుడవండి, నలుపు రావడం ఆగేదాకా, ఆరాక పెట్టండి. మొదటి మ్యాచ్ బోస్టన్, న్యూయార్క్ మధ్య పెట్టుకోండి, 1986 వరల్డ్ సిరీస్ (అమెరికా బేస్‌బాల్ ఫైనల్) ఆడిన రెండు జట్లు అవే, బోస్టన్‌లో రోజర్ క్లెమెన్స్‌ని మీరు తీసుకుని అబ్బాయికి న్యూయార్క్ ఇవ్వండి. సెయింట్ లూయిస్ జోలికి వాడిని ఇప్పుడే పోనివ్వొద్దు, కోల్‌మన్‌ని ఆపడం మీకింకా రాదు.